మొటిమలు విడిచిపోవు గుర్తులు



"పెండ్లియైనచో మొటిమలు వానియంతట నవియే పోవును" అను మాట మన యిండ్లలో తరతరములుగా వినబడుచున్నది. పదునాలుగు పదునైదేండ్ల బాలిక చెక్కిళ్లపై ఎఱ్ఱని పొక్కులు లేచినపుడు తల్లి యీ మాట చెప్పి యూరడించును. అమ్మమ్మ అవునని తల యూచును. ఇందు సగము నిజము కలదు. ఇరువదియైదేండ్లు దాటునప్పటికి పెక్కుమందికి మొటిమలు తగ్గుట వాస్తవమే. మిగిలిన సగము నెవ్వరును చెప్పరు. మొటిమ పోవును గాని, అది చర్మములోపల చేసిన నష్టము దానితో పోదు. అద్దము ముందు నిలుచు బాలిక దుఃఖమునకు హేతువు తఱచుగా నేటి మొటిమ కాదు. ఎన్నడో మానిపోయిన మొటిమ విడిచిన గుంట. ఆ గుంట యెట్లేర్పడునో, అన్ని గుంటలు నొక్క తీరున నేల యుండవో తెలిసికొన్నచో, ఓపికతో వేచియుండవలసిన దెప్పుడో, వేచియుండరాని దెప్పుడో మనకే బోధపడును. ఈ వ్యాసమునకు ప్రయోజన మదియే.

మొటిమ పుట్టుక

సుశ్రుతుడు తన సంహితయందు నిదానస్థానమున క్షుద్రరోగములను వివరించుచు మొటిమలకు ముఖదూషికలని పేరు పెట్టెను. యౌవనమున నున్నవారి ముఖములందు పుట్టు నీ పొక్కులు బూరుగుచెట్టు ముండ్లవలె నుండుననియు, కఫ వాత రక్తముల దోషమువలన కలుగుననియు నాతడు చెప్పెను. బూరుగుముల్లును దగ్గఱనుండి చూచినవారి కీ పోలిక యందము తెలియును. దాని కొన సన్నము, మొదలు వెడల్పు. మొటిమయు నట్టిదే. మన కంటికి కనబడు కొన చిన్నది, క్రింద దాగియున్న మొదలు పెద్దది. గుర్తు పడునో పడదో నిర్ణయించునది ఆ మొదలే.

నేటి వైద్యులు చెప్పుదాని సారాంశ మిది. చర్మమున వెండ్రుక మొలచు సూక్ష్మరంధ్రమునకు ప్రక్కన నొక తైలగ్రంథి యుండును. ముఖమునందును, ఱొమ్ము పైభాగమునందును, వీపునందును ఈ గ్రంథులు పెద్దవి. యౌవనారంభమున ఆండ్రోజన్ అను హార్మోనుల ప్రేరణచే తైలము మిక్కుటముగా నూరును. ఈ హార్మోనులు పురుషులకే గాక స్త్రీలకును కలవు. రంధ్రపు లోగోడనుండి రాలు సన్నని పొరలు ఆ తైలముతో ముద్దగట్టి సీసాకు బిరడావలె రంధ్రమున కడ్డుపడును. నోరు మూసికొన్నచో తెల్లని పొక్కు, నోరు తెఱచియున్నచో నల్లని పొక్కు కనబడును.

ఆ నలుపు మురికి కాదు. మా కంచరపాలెము వంటి పేటలలో రేవు వైపునుండి గాలితో వచ్చు నల్లని ధూళి కిటికీ చువ్వలపై పేరుకొనుట కండ్లార చూచుచుండుటచే, మొటిమలకును నదియే కారణమని తల్లులు నమ్మి, పిల్లల ముఖములను సున్నిపిండితో గట్టిగా రుద్దింతురు. ధూళి చర్మముపైన నిలుచును. బిరడా రంధ్రములోపల పుట్టును. నల్లపొక్కు కొనయందలి నలుపు చర్మమునకు రంగునిచ్చు మెలనిను చేతను, గాలి సోకి మాఱిన తైలము చేతను వచ్చినది. రుద్దినంతమాత్రమున నది పోదు. చర్మము రేగి మంట హెచ్చుటయే ఫలము.

మూతపడిన రంధ్రములో క్యూటిబాక్టీరియం ఏక్నిస్ అను సూక్ష్మజీవులు వృద్ధిపొందును. ఇవి అందఱి చర్మమునందును నుండునవే; ఒకరినుండి యొకరికి అంటునవి కావు. వీనిని, నిలిచిపోయిన తైలమును శత్రువులుగా నెంచి దేహము తెల్లకణముల సేనను పంపును. అప్పుడు ఎఱుపు, వాపు, నొప్పి, చీము కలుగును. ఈ పోరులో రంధ్రపు గోడ లోపలివైపునకు పగిలినచో, లోపలి సరకంతయు చుట్టునున్న చర్మములోనికి చిమ్మబడును. గుర్తునకు బీజము పడున దప్పుడే.

చర్మమను నేత

చర్మమున పైపొర యొకటి, దాని క్రింద లోచర్మము, దాని క్రింద కొవ్వు కలవు. పైపొర సుమారు నెలకొకసారి తన్ను తాను క్రొత్తది చేసికొనును. కావున పైపొరకు మాత్రమే తగిలిన గాయము గుంటపడక మానును. లోచర్మ మట్లు కాదు. అది కొల్లాజెను, ఎలాస్టిను అను పోగులతో నేసిన వస్త్రము వంటిది. పొందూరు సన్నఖద్దరును వెలుతురునకు ఎత్తి చూచినచో పడుగును పేకయు నెట్లు అల్లుకొని యుండునో, లోచర్మమున ఈ పోగులు నన్ని దిక్కులకు అట్లే అల్లుకొని యుండును.

గోడ పగిలినచోట తెల్లకణములు విడుచు ఎంజైములు సూక్ష్మజీవులతో ఆగవు. దగ్గఱనున్న ఈ పోగులను సయితము కోసివేయును. మంట చల్లాఱిన పిదప దేహము చిరుగును బాగుచేయ పూనుకొనును. మొదట వాపు తగ్గును. రెండవ దశలో సన్నని రక్తనాళములతో లేతకండ పుట్టును. మూడవ దశలో క్రొత్త పోగులు సర్దుకొని గట్టిపడును. ఈ కడపటి పని నెలల తరబడి, ఒక్కొక్కప్పుడు ఏడాదికి పైగా, సాగుచుండును. కాని రఫ్ఫు చేసిన బట్ట తొలినేతను పోలనట్లు, ఈ క్రొత్త నేతయు పాతదానిని పోలదు. పోగులు నలుదిక్కుల అల్లుకొనుటకు బదులు ఒక్క వైపునకే వరుసగా పడియుండును.

రఫ్ఫులో పోగులు తక్కువైనచో బట్ట పల్లమగును. ఎక్కువైనచో గడ్డకట్టినట్లు ఉబ్బును. మొటిమల గుర్తులలోని భేదమంతయు నిందే కలదు. పోగులు చాలనిచోట గుంట, మితిమీరినచోట ఉబ్బు. మొటిమలు విడుచు గుర్తులలో నూటికి ఎనుబదికి తక్కువ గాకుండ గుంటలే.

ఒకే యింటి అక్కచెల్లెండ్రలో ఒకతె ముఖము మొటిమలు మానిన పిమ్మట నున్నగా నుండుటయు, వేఱొకతె ముఖము గుంటలు పడుటయు మనము చూచుచుందుము. దీనికి కారణమును వెదకుచు ఇంగ్లండులో లీడ్స్ నగరపు పరిశోధకులు 2004లో నొక విశేషము ప్రకటించిరి. గుర్తులు పడని స్వభావము గలవారి మొటిమలో మంట మొదటనే పెద్దదిగా లేచి త్వరగా చల్లాఱుచుండెను. గుర్తులు పడు స్వభావము గలవారిలో మంట మొదట మందముగా నుండి, మొటిమ మానవలసిన వేళకును చల్లాఱక నిలిచియుండెను. కాబట్టి భయపడవలసినది పెద్ద మొటిమను చూచి మాత్రమే కాదు. వారములు గడచినను మానక లోలోపల రగులు మొటిమను చూచియు భయపడవలెను. పొయ్యిలో భగ్గున మండి ఆఱిన మంటకంటె, బూడిద క్రింద నిలిచిన నిప్పు ఇంటికి ఎక్కువ చేటు.

రంగుమచ్చ వేఱు, గుంట వేఱు

మొటిమ మానినచోట గోధుమవన్నెగానో, నల్లగానో కనబడు మచ్చను చూచి పలువురు శాశ్వతమైన గుర్తు పడెనని విలపింతురు. అది గుర్తు కాదు, రంగు మాత్రమే. మంటకు రేగి మెలనిను కణములు మిక్కిలి రంగును ఊరించుటచే నది పుట్టును. చామనచాయవారిలోను, నల్లనివారిలోను నిది యధికము. కావున మన దేశమున సాధారణము. రంగు పైపొరలో నున్నచో కొన్ని నెలలలో వెలసిపోవును. లోచర్మమునకు దిగినచో బూడిదనీలము కలిసిన వన్నెతో కనబడి, పోవుటకు ఎక్కువ కాలము పట్టును. ఎండ సోకినకొలది ఇది ముదురును. సముద్రతీరమున మనకు ఎండకు కొదువ లేదు గనుక, గొడుగు, పమిటచెంగు, వైద్యులు చెప్పిన సన్‌స్క్రీను పూత, ఇవియే దీనికి మొదటి మందు.

రంగుమచ్చను, గుంటను గుర్తించుట సులభము. కన్నులు మూసికొని వ్రేలికొనతో మెల్లగా తడిమి చూడుడు. చర్మము సమముగా నున్నచో నది రంగుమచ్చ. దీపమును ముఖమునకు ఎదురుగా గాక ప్రక్కగా నుంచి చూచినచో గుంటలలో నీడ పడును; రంగుమచ్చలో నీడ పడదు.

గుంటలలో మూడు విధములు

2001లో అమెరికా వైద్యులు జేకబ్, డోవర్, కామినర్ అనువారు మొటిమల గుంటలను మూడు విధములుగా విభజించిరి. నేటికిని చర్మవైద్యులు ఈ విభాగమునే యెక్కువగా వాడుచున్నారు.

మొదటిది ఐస్‌పిక్ గుంట. మంచుగడ్డను పగులగొట్టు సన్నని మొనగల పనిముట్టు పేరు దానికి వచ్చినది. మన యింటి మాటలో చెప్పవలెనన్న దబ్బనముతో పొడిచినట్లుండు గుంట. నోరు రెండు మిల్లీమీటర్లకు లోపే. లోతు మాత్రము లోచర్మమును దాటి కొవ్వుదాకను పోవచ్చును. మొటిమ మంట రంధ్రము వెంట నిలువున క్రిందికి దిగి గోడను నాశముచేయగా, మానునపుడు పైపొర ఆ బిలము లోపలికి దిగి దానికి లోగోడ కట్టును. బిలము పూడక తెఱచియే నిలుచును. చూచుటకు చిన్నదైనను వీనిలో నిదియే మొండిది.

రెండవది బాక్స్‌కార్ గుంట. బాక్స్‌కార్ అనగా గూడ్సుబండి పెట్టె. మా కంచరపాలెము ప్రక్క పట్టాలపై రేయింబవళ్ళు పోవు బండ్లను చూచినవారికి ఆ యాకారము చెప్పనక్కఱలేదు: నిట్టనిలువు ప్రక్కలు, చదునైన అడుగు. ఈ గుంటయు నట్లే అంచులు నిలువుగా తెగి, అడుగు వెడల్పుగా నుండును. వెడల్పు ఒకటిన్నర మొదలు నాలుగు మిల్లీమీటర్ల దాక. లోతు కొన్నిట స్వల్పము, కొన్నిట నెక్కువ. ఆటలమ్మ పోసి మానినచోట నిలుచు గుంటల నివి పోలును. కణతలయందును చెక్కిళ్లయందును నెక్కువ.

మూడవది రోలింగ్ గుంట, అనగా అలల వలె దొర్లునది. అంచు తెలియక, నాలుగైదు మిల్లీమీటర్లకు పైగా వెడల్పుతో, అల వెనుదీసిన పిదప ఇసుకపై నిలుచు మిట్టపల్లముల వలె కనబడును. ఇందు తప్పు పైన లేదు, అడుగున కలదు. లోచర్మమును క్రింది పొరకు గట్టిగా కట్టివేయు నారపోగులు పుట్టి చర్మమును క్రిందికి లాగుచుండును. బూరుగుదూది పరుపునకు నడుమనడుమ కుట్లు వేసినచోట పల్లము పడుట చూచియున్నాము గదా! ఇదియు నదియే. రెండు వ్రేళ్లతో చర్మమును ప్రక్కలకు మెల్లగా సాగదీసినచో నిట్టి పల్లములు చాలవఱకు సమమగును. దబ్బనపు గుంట సమము గాదు. ఒకే ముఖమున మూడు విధములును కలిసియుండుట సాధారణము.

మన పూర్వులకు ముఖమున గుంటలనగానే మశూచి జ్ఞప్తికి వచ్చెడిది. అమ్మవారు పోసి బ్రదికిన వారి ముఖములందలి గుంటలకును, తైలగ్రంథులు నశించుటయే కారణమని వైద్యులు చెప్పుదురు. ఆ వ్యాధి భూమిపై లేకుండ పోయినదని 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకటించెను. నాడు గుంటలను విధివ్రాత యని సరిపెట్టుకొనుట తప్ప గత్యంతరము లేకుండెను. మొటిమ గుంటలకు నేడు ఆ మాట చెల్లదు.

ఉబ్బు గుర్తులు

పోగులు మితిమీరి పుట్టినచో గుర్తు ఉబ్బును. ఇందును రెండు తెగలు కలవు. గాయపు హద్దును దాటక, ఎఱ్ఱగా గట్టిగా ఉబ్బి, కాలక్రమమున కొంత అణగునది మొదటిది. హద్దును దాటి ప్రక్కనున్న మంచి చర్మముమీదికి సయితము ప్రాకి, దురదయు నొప్పియు పెట్టుచు, తనంతట తాను తగ్గనిది రెండవది; దీనికి కీలాయిడ్ అని పేరు. చెవి కుట్టించినచోట కొందఱికి కాయవలె గడ్డ పెరుగుట మనమెఱిగినదే, అదియు కీలాయిడే. ఇవి ఱొమ్మున, వీపున, భుజములందు, దవడ అంచున ఎక్కువగా పుట్టును. కొన్ని కుటుంబములలో వంశానుగతముగా వచ్చును. ఇంట నెవ్వరికైన నిట్టి గడ్డ యున్నచో పిల్లల వీపుమీది, ఱొమ్ముమీది మొటిమలను తేలికగా చూడరాదు. కీలాయిడును కేవలము కోసి తీసివేసినచో మరల పెద్దదిగా పెరుగుట తఱచు.

చేయరాని పనులు

గోళ్ళతో నొక్కుట మొదటిది. నొక్కినపుడు బయటికి వచ్చిన చీమును చూచి పని యైనదని తలతుము. కాని ఒత్తిడి రెండు వైపులకును పనిచేయును. కొంత బయటికి వచ్చును, కొంత గోడను పగులగొట్టుకొని లోచర్మములోనికి పోవును. తనంతట తాను గుంటపడక మానవలసిన మొటిమకు మన చేతులార గుంటను ఇచ్చినవారమగుదుము.

నిమ్మరసము, పండ్లు తోముకొను పేస్టు మొదలగునవి పూయుట రెండవది. ఇవి చర్మమును కాల్చి రంగుమచ్చను పెంచును.

మూడవది, అన్నిటికంటె ప్రమాదకరమైనది, తెలుపు వచ్చునని చెప్పి దుకాణములలో నిచ్చు స్టిరాయిడ్ పూతలు. మొదటి వారములలో ఎఱుపు తగ్గి ముఖము తేటపడును, ఇరుగుపొరుగువారు మెచ్చుకొందురు. పిదప చర్మము పలుచబడును, సన్ననరములు తేలును, వెండ్రుకలు మొలచును, స్టిరాయిడు వలననే క్రొత్త మొటిమలు పుట్టును. మానినచో ముఖము భగ్గున మండును. ఈ దుర్వినియోగమును చూచియే భారత ప్రభుత్వము 2018లో పదునాలుగు స్టిరాయిడ్ పూతలను వైద్యుని చీటి లేక అమ్మరాని మందుల పట్టికలో చేర్చెను. అయినను అడిగినవారి కిచ్చు దుకాణములు లేకపోలేదు. అడుగకుండుట మన చేతిలోని పని.

చేయవలసిన పని

గుంటలను మాన్పుటకంటె పడకుండ చూచుట సులభము. 2018లో ప్రకటితమైన యొక పరిశోధన యిందుకు సాక్ష్యము. మొటిమలు గలవారి ముఖమును రెండు పాళ్ళుగా నెంచి, ఒక ప్రక్క అడాపలీను, బెంజాయిల్ పెరాక్సైడు కలిసిన మందును, రెండవ ప్రక్క మందులేని పూతను 24 వారములు రాయించిరి. మందు రాసిన ప్రక్క గుంటల సంఖ్య తగ్గెను. రాయని ప్రక్క పెరిగెను. ముఖ మొక్కటే, మనిషి యొక్కతే, కాలమొక్కటే. భేదమంతయు మొటిమకు మందు పడుటయందును, పడకపోవుటయందును మాత్రమే. "పెండ్లిదాక ఆగుము" అను మాట వెల యెంతయో దీనిచే తెలియుచున్నది.

కాబట్టి గట్టిగా, లోతుగా, నొప్పితో లేచు మొటిమలు. వారముల తరబడి మానని మొటిమలు. ఒక్క గుంటయైన పడినట్లు తోచుట. ఇంట పెద్దలకు గుంటలో కీలాయిడులో యుండుట — వీనిలో నేది కనబడినను చర్మవైద్యునికి చూపవలెను. మన విశాఖపట్టణమున 1923లో స్థాపితమైన ఆంధ్ర వైద్యకళాశాలకు అనుబంధమైన కింగ్ జార్జి ఆస్పత్రిలో చర్మవ్యాధుల విభాగము కలదు. మొటిమలతోపాటు నెలసరి తప్పుచుండుట, గడ్డమున వెండ్రుకలు మొలచుట యున్నచో ఆ మాటయు సిగ్గుపడక చెప్పవలెను; అండాశయముల లోపము కారణము కావచ్చును.

తీవ్రమైన మొటిమలకు ఐసోట్రెటినోయిన్ అను మాత్రలను వైద్యులిత్తురు. ఇవి గొప్పగా పనిచేయును గాని గర్భస్థశిశువునకు ఘోరమైన వైకల్యములు కలిగించును. వివాహితలు ఈ మాత్రలు వాడునపుడును, మానిన పిదప వైద్యుడు చెప్పిన గడువు తీఱువఱకును గర్భము రాకుండ జాగ్రత్తపడి తీరవలెను. ఒకరికి వ్రాసిన చీటితో ఇంకొకరు కొని వాడరాదు.

ఇదివఱకే గుంటలు పడినవారు నిరాశ పడనక్కఱలేదు. ఏ విధమునకు ఆ చికిత్స వేఱుగా కలదు. దబ్బనపు గుంటలో వైద్యుడు సన్నని పుల్లకొనతో ఘాటైన ఆమ్లమును తాకించి అడుగునుండి పూడునట్లు చేయును. ఇది ఇంట చేయదగిన పని యెంతమాత్రమును కాదు. అలల గుంటకు చర్మము క్రిందికి సూది పోనిచ్చి లాగుచున్న నారపోగులను తెంచును; పరుపు కుట్టు విప్పినట్లు పల్లము పైకి లేచును. పెట్టెగుంట లోతును బట్టి లేజరుచేతనో, సన్నసూదులచేతనో, అడుగును పైకెత్తుటచేతనో సరిచేయును. కీలాయిడులోనికి స్టిరాయిడును సూదితో ఎక్కించును. దుకాణపు పూతగా కీడు చేసిన జాతి మందే వైద్యుని చేతిలో మేలు చేయుట గమనింపదగినది. ఇవన్నియు ముందు మొటిమలు అదుపులోనికి వచ్చిన పిదపనే ఫలించును. గుంటలు చాలవఱకు తగ్గును. పూర్తిగా నున్నబడుట అరుదు. అట్లు చేసెదమని ధనము గుంజువారిని నమ్మకుడు.

తల్లులకు కడపటి మనవి. పెండ్లిచూపుల నాడు పిల్ల ముఖమున పూత దట్టించి గుంటలను కప్పుటకు పడు శ్రమలో పదవ వంతు, ఆమె పదునాలుగవ యేట మొదటి మొటిమలకు మందు వేయించుటకు పడినచో చాలును. ఇప్పటికే గుర్తులు పడిన పిల్లను చిన్నబుచ్చకుడు; చుట్టముల యెదుట ఆ ప్రస్తావన తేకుడు. 2018లో వచ్చిన "కేరాఫ్ కంచరపాలెం" చలనచిత్రమున మా పేటవారే పలువురు నటించిరి. వారిలో నటులుగా పేరుపడినవారు లేరు. మేము నిత్యము వీధిలో చూచు ముఖములే యవి. తెలుగుదేశమంతయు వారిని ఆదరించినది చర్మపు నునుపును కొలిచి కాదు. గుంట లోచర్మమున పోగుల కొఱత. మనిషియందు కొఱత కాదు. ఈ రెండు మాటలును పిల్లకు తెలిసియుండవలెను: పడిన గుంటకు తాను సిగ్గుపడనక్కఱలేదు, పడబోవు గుంటను ఆపుటకు నేడే వైద్యునికడకు పోవలెను.